నల్లాకు కట్టిన పడుగు

నల్లగట్టుపల్లె, గేటవతలి మగ్గాల వాడ,
వరంగల్ తాలూకా,
12 ఫిబ్రవరి 1982

కేంద్ర ప్రభుత్వ ప్రతినిధియు, నాకు కాబోయే బావయు అగు మార్కండేయులు గారి దివ్య సముఖమునకు,

ఏడో వార్డు మెంబరు, బి.ఏ. రెండో క్లాసు, మగ్గం నేతగాడు బాలకిషన్ వంగి వంగి చేసుకొను విన్నపం ఏమనగా:

మీ బాపు బుచ్చిరాములు మామ పోయిన దసరాకు ఒక మాట పెట్టిండు. "గేటవతల నల్లా తిప్పితే నీళ్లు పడ్డనాడు ముహూర్తం పెడత. నా బిడ్డ అనసూర్య రైల్వే క్వార్టరుల నల్లా తిప్పి పెరిగింది. బిందె ఎత్తుకొని గూడ్సు బండి కిందికెల్లి దూరదు" అన్నడు. న్యాయమైన మాట. మా అమ్మ లచ్చవ్వ ఇప్పటికీ దూరుతనే ఉన్నది. మా వాడ బాయిల నీళ్లు ఉప్పు, ఊరి దిక్కు నీళ్లు తీపి, నడుమ మీ రైల్వే పట్టాలు. సిగ్నల్ పడక గూడ్సు నిలబడ్డదంటే ఆడోళ్లు బిందెలతోని దాని కింద వంగి రావాల్సిందే. అది కదిలేముందు కూత వేస్తదని వాళ్ల నమ్మకం.

ఇగ శుభవార్త. ఊరి దిక్కు ట్యాంకు లేచింది. అక్కడినుంచి పైపు మీ సరిహద్దు రాయి దాకా వచ్చి ఆగింది. ఇవతల మీ ఇంకో రాయి నుంచి మా వాడ నడిమిట్ల దాకా పైపు పడ్డది, సిమెంటు దిమ్మె మీద ఇత్తడి నల్లా నిలబడ్డది. రెండు రాళ్ల నడుమ ఉన్న జాగ ఢిల్లీ రాజ్యం. వరంగల్ జిల్లా నడిమిట్ల ఇంత సన్నటి ఢిల్లీ ఉన్నదని మనకు ఏ సివిక్స్ సారూ చెప్పలే.

ఆ సన్నటి ఢిల్లీ కింద ఒక పైపు దూరనియ్యమని మీ ఆఫీసుల చెప్పగలరు. నా పెండ్లి రెండు రాళ్ల నడుమ ఇరుక్కున్నది.

ఇట్లు, విధేయుడు,
బాలకిషన్

◆

డోర్నకల్,
21 ఫిబ్రవరి 1982

బాలకిషన్‌కు,

నీ ఉత్తరం అందింది. మొదటి సంగతి, నన్ను అప్పుడే బావా అనకు. ముహూర్తం పెట్టినంక అనుకో. రెండో సంగతి, నేను కేంద్ర ప్రభుత్వ ప్రతినిధిని కాదు, ఇంజనీరింగు ఆఫీసుల గుమాస్తాను. నా చేతుల ఉన్న అధికారమల్లా ఫైళ్లకు దారం కట్టుడు.

పట్టాల కింద పరాయి పైపు పోవాలంటే ఒప్పందం రాయాలె. రేపు పైపు పగిలి కట్ట కుంగితే జవాబు చెప్పేదెవరో సంతకం పెట్టాలె. ఏటేటా జాగకు కిరాయి కట్టాలె. మీ సర్పంచ్ రాజేశ్వర్ రావు గారు పంపిన కాగితం మా పెద్దాఫీసు వాపసు చేసింది. "సర్పంచ్ ఎలక్షన్ ఎలక్షన్‌కు మారుతడు, పట్టాలు మారయి. సర్కారు సంతకం తెమ్మను" అన్నడు మా సూపరింటెండెంటు. పంచాయతీ కూడా సర్కారే గదా సార్ అన్న. "అది పాఠంల" అన్నడు.

బాపు రోజూ అడుగుతాండు. అనసూర్య ఏమడగది. నీ ఉత్తరం వచ్చిననాడు మాత్రం అడగకముందే నాకు రెండోసారి చాయ్ పోస్తది. కాబట్టి ఉత్తరాలు రాయి గని వెటకారం తగ్గించి రాయి.

మార్కండేయులు

◆

నల్లగట్టుపల్లె,
1 ఏప్రిల్ 1982

కాబోయే బావకు (ముహూర్తానికి లోబడి),

సర్కారు సంతకం తెమ్మన్నవు గదా. సర్కారు ఎక్కడున్నదో వెతుక్కుంట తీర్థయాత్ర చేసొచ్చిన. ఫలశ్రుతి విను.

మొదలు సర్పంచ్. "పైపు ఏసింది జిల్లా పరిషత్తు ఇంజనీర్లు. ఆళ్ల పైపుకు నేనెందుకు మల్ల సంతకం పెడత?" అన్నడు. హనుమకొండ పోయి ఇంజనీరును పట్టుకున్న. "ఏసుడు వరకే మా పని తమ్మీ. ఏసినంక అది మీ పంచాయతీది" అన్నడు. ఇంకా పంచాయతీకి అప్పజెప్పలేదు గద సార్ అంటే, "నీళ్లు పారినంక అప్పజెప్తం" అన్నడు. సంతకం లేనిది నీళ్లు పారయి సార్ అన్న. "గదే మరి" అని నాకు చాయ్ తెప్పిచ్చిండు. మంచోడు. ఏ ఆఫీసుకు పోయినా మంచోళ్లే ఉన్నరు, అదే నా బాధ. ఒక్కడన్న చెడ్డోడు దొరికితే కొట్లాడి ఇంటికి పోదును.

సమితి ఆఫీసుల మా వాడ మీద జాలి ఉన్నది, పైస లేదు. జిల్లా పరిషత్తుల పైస ఉన్నది, హైదరాబాద్ హుకుం లేదు. హైదరాబాద్ పోయిన. అక్కడొక పెద్దాయన కండ్లద్దాలు తుడుచుకుంట, "ఈ మంచినీళ్ల పథకానికి సొమ్ము ఢిల్లీ నుంచి వస్తది బాబూ. దాంతోని పైపులు కొనొచ్చు, కిరాయి కట్టొద్దు" అన్నడు. కిరాయి అడిగేది కూడా ఢిల్లీయే గదండీ అన్న. "ఆ ఢిల్లీ వేరు, ఈ ఢిల్లీ వేరు" అన్నడు.

మనం కాలేజీల మూడంచెల సర్కారు గురించి పేజీలకు పేజీలు రాసినం. నాకు అందుల మంచి మార్కులే వచ్చినయి. ఇప్పుడు తెలిసింది, నేను రాసిందల్లా తప్పు. కుడిచేత్తోని నీళ్లు పోసి ఎడమచేత్తోని దోసిలి మూసుడే ఆ పాఠమంత.

అయితే దిగులు పడకు. మార్చి ముప్పయిన ప్రారంభోత్సవం అయిపోయింది. సమితి పెద్దాయన కొబ్బరికాయ కొట్టి నల్లా తిప్పిండు. నీళ్లు పడ్డయి. ఊరంత చూసింది. పెద్దాయన దోసిలి పట్టి తాగిండు. ఈ ముక్క మామకు గట్టిగ చదివి వినిపించు. రెండు రాళ్ల నడుమ సంగతి ఏమైందని మాత్రం అడగకు. ప్రజాహితం దృష్ట్యా ఇంతకన్న వివరం ఇయ్యలేను.

బాలకిషన్

◆

డోర్నకల్,
18 ఏప్రిల్ 1982

బాలకిషన్‌కు,

నీ ప్రజాహితం చూసొచ్చిండు మా బాపు.

నీ ఉత్తరం వినిపిస్తే సంబరపడి, ఎవరికీ చెప్పకుండ పాసు మీద ప్యాసింజరెక్కి వరంగల్‌ల దిగి, నడుచుకుంట మీ వాడకు వచ్చిండట. నువ్వు ఇంట్ల లేవట. మీ నల్లా దగ్గర నిలబడి చూసిండు. మీవోళ్లు వాడ పొడుగునా పడుగు సాగదీసి గంజి పట్టిస్తాండ్రట. ఆ పడుగు కొస దేనికి కట్టిండ్రో నీకు ఎరికే గదా.

బాపు రైల్వేల చేరకముందు ఇరవై ఏండ్లు మగ్గం నేసినోడు. గంజి పట్టించిన పడుగు మీద నీటి చుక్క పడితే దారం పట్టు విడుస్తదని ఆయనకు ఒకరు చెప్పాల్నా? నీళ్లొచ్చే నల్లాకు పడుగు ఏ సాలాయన కట్టడు. బాపు నల్లా తిప్పి సుత చూడలే. అట్లనే మర్లి వచ్చిండు. "ఆ నల్లా పుట్టినప్పటిసంది ఉపాసమున్నది" అన్నడు. ఆ కోపమంత నా మీదనే. అబద్ధం చెప్పింది నువ్వు, చదివి వినిపించింది నేను.

ఖమ్మం నుంచి ఒక సంబంధం వచ్చి ఉన్నది. ఇన్నాళ్లు నీకు చెప్పలే. పిల్లగాడు బ్యాంకుల పని చేస్తడు, ఇంట్లనే నల్లా. బాపు వాళ్లకు శ్రావణం వచ్చేదాక ఆగుమన్నడు. శ్రావణం వచ్చేలోపల నీ వాడల నీళ్లు పడాలె, లేకపోతే ఖమ్మమే. ఈసారి బాపు చేతులతోని తిప్పి చూస్తడు.

నువ్వక్కడ నాటకాలాడుతాంటే నేనిక్కడ నీ గేటుకే నీళ్లు మోసి చస్తాన. మీ గేట్‌మన్ జానీ మియా క్వార్టరుకు మంచినీళ్లు లేవు. ఇక్కడినుంచి గార్డు డబ్బాల డ్రమ్ము పెట్టి పంపాలె. ప్యాసింజరు అక్కడ ఆగది, మెల్లగయితది అంతే. డ్రమ్ము దించేసరికి సగం ఒలుకుతది. ఒలికిన సగానికి సంజాయిషీ రాసుడు నా డ్యూటీ. నా బతుకు ఇదైతే నీకు తమాషాలు.

మార్కండేయులు

అడుగున ఇంకొక చేతిరాత:

ఈ ఇన్‌లాండు మడిచి పోస్టు డబ్బాల వేసి రమ్మని అన్న నాకిచ్చిండు. కొంచెం జాగ మిగిలింది, వృథా చేయొద్దని రాస్తున్న. మీ పైపు రైల్వే పట్టాల కింద పోవాలంటే రైల్వే ఒప్పుకోవాలె. రైల్వే పైపు రైల్వే పట్టాల కింద పోవాలంటే ఎవరొప్పుకోవాలె? జానీ మియా డ్రమ్ము సంగతి ఇంకొకసారి చదువుండ్రి. ఖమ్మం ఆయన ఫోటో చూసిన. చెవులు బాగున్నయి.
అ.

◆

నల్లగట్టుపల్లె,
27 ఏప్రిల్ 1982

మార్కండీ,

ముందుగాల సంజాయిషీ. నీకు చదివే అలవాటున్నది గదా.

మార్చి ముప్పయొకటి దాటితే ఖర్చు కాని పైస ఢిల్లీకి మర్లి పోతదట. పని పూర్తయిందని ఎవరన్న చూపెట్టకపోతే పట్టాలకవతల పైపే కాదు, ఇవతల పైపు సుత పీక్కపోతరని ఇంజనీరు చెమటలు పట్టి చెప్పిండు. అందుకని పట్టాల కట్ట పక్కకు, తంగేడు పొదల వెనుక, పైపు మూతి దగ్గర మా అమ్మా ఇంకిద్దరూ బిందెలతోని నిలబడ్డరు. ఇటు కొబ్బరికాయ పగిలింది, అటు వాళ్లు పోసిండ్రు. కట్ట ఎత్తు గదా, నీళ్లు దిగినయి. పెద్దాయన తాగింది పట్టాలు దాటి మా అమ్మ మోసుకొచ్చిన నీళ్లు. అందరు పోయినంక అమ్మ నన్ను అడిగింది, "బిందెల నీళ్లు బిందెల పోసుకుంటే కాదారా, నడుమ గీ ఇనుము ఎందుకు?" అని. మామకు అబద్ధం రాసింది నేనే. ఆయన కాళ్లు నేను వచ్చి మొక్కుత, ఆ పని నీకు ఒప్పజెప్ప.

ఖమ్మం సంగతి చదివినంక రెండు రోజులు మగ్గం ముందు కూసున్న గని పడుగు నడుమ నాడె ఎటు విసిరిన్నో నాకు తెల్వదు. తర్వాత ఉత్తరం అడుగున ఉన్న నాలుగు ముక్కలు మల్ల చదివిన. నువ్వు చదవలేదనుకుంట. మంచిదే. పోస్టుకు ఉత్తరాలు ఇక ముందు కూడా ఆమెకే ఇయ్యి, అడుగున జాగ జర ఎక్కువ విడిచి రాయి.

సక్కగ జానీ మియా దగ్గరికి పోయిన. ఆయన పచ్చజెండా మడుచుకుంట, "మా సాబ్ లోగ్‌కు నేను అర్జీ పెడితే నన్నే ఎక్కడికో బదిలీ చేస్తరు భయ్యా" అన్నడు. లోపలికెల్లి ఆయన పెండ్లాం మహబూబ్‌బీ అందుకున్నది. "చేయనియ్యి. బదిలీ చేసిన కాడ నీళ్లన్న ఉంటయి. బండి ఉరుకుతాంటే డ్రమ్ము పట్టుకునుడు నాతోని కాదు. నిన్న మోకాలు పగిలింది. రాయి బాలకిషన్, నేను ఈయనతోని అంగూఠా ముద్ర ఏపిస్త" అన్నది. రాసిన. రైల్వే తన నౌకరుకు నీళ్లియ్యాలె. క్వార్టరు ఉన్నది మా వాడ దిక్కు. తియ్యటి నీళ్ల ట్యాంకు ఊరి దిక్కు. ఇగ పట్టాల కింద పైపు మీరే దూరుస్తరు, మీకు మీరే అనుమతిచ్చుకుంటరు.

అర్జీ నీ బల్ల మీదికే వస్తది. దారం గట్టిగ కట్టు.

బాలకిషన్

◆

డోర్నకల్,
14 జూన్ 1982

బాలకిషన్‌కు,

నీకు తలకాయ ఉన్నదా?

జానీ మియా అర్జీ పైకి పోయింది. నేను నౌకరీల చేరినప్పటినుంచి మా పెద్దాఫీసు ఇంత తొందరగ ఒక కాగితం ఒప్పుకున్నది చూడలే. గేట్‌మన్ సంక్షేమం అన్నరు, పాత ఇనుప పైపు స్టోరుల ఉన్నది తీసుకోమన్నరు, పట్టాల కింద వేసుడు మా మనుషులే అన్నరు. ఒక్కటే మిగిలింది. ట్యాంకు మీ పంచాయతీది గనక ఒక కనెక్షన్ ఇయ్యమని మీ పంచాయతీకి మర్యాదగ రాసినం. ఢిల్లీ వచ్చి నల్లగట్టుపల్లెను అడుక్కున్నది. ఇంతకన్న ఏం గావాలె?

దాన్ని మీ పంచాయతీ వాపసు పంపింది. గేటు క్వార్టరు ఇంటిపన్ను ఏండ్లసంది బాకీ ఉన్నదట, అది కట్టినంక మాట్లాడమన్నది. కేంద్రం ఆస్తి మీద ఊరి పన్ను పడదని రాజ్యాంగంల ఉన్నదని మేం ఎన్నిసార్లు రాయాలె? తీర్మానం కింద సంతకాలు చూసిన. మూడోది నీది. ఏడో వార్డు, బి.ఏ.

బాపు ఖమ్మం వాళ్లకు రాసేందుకు పోస్టుకార్డు కొనిపెట్టుకున్నడు. ఇంకా రాయలే. అనసూర్య నీ సంతకం చూసి కాగితం నాకు తిరిగిచ్చింది. ఈ ఉత్తరం నేనే పోస్టు చేస్తాన.

మార్కండేయులు

◆

నల్లగట్టుపల్లె,
20 జూన్ 1982

మార్కండీ,

ఉత్తరం అడుగున ఖాళీ జాగ చూసి నాకు అన్నం పోలే.

మా పంచాయతీల రివాజు నీకు తెల్వదు. మీటింగుకు పోంగనే పుస్తకంల సంతకం పెట్టాలె, ఎందుకంటే తర్వాత కాగితాలు రాసే కారోబారు ఎల్లస్వామికి సంతకాల కోసం ఇల్లిల్లు తిరిగే ఓపిక లేదు. తీర్మానం నింపుడు తర్వాత. అట్ల నేను ముందుగాల సంతకం పెట్టి, చాయ్ తాగి, నా పెండ్లికి వ్యతిరేకంగ ఓటేసిన్నని నీ ఉత్తరం చూసినంక తెలుసుకున్న. ప్రజాస్వామ్యం నా మీద పగబట్టింది.

సర్పంచ్ ఇంటికి ఉరికిన. రాజేశ్వర్ రావు అరుగు మీద కూసొని నవ్వుతాండు.

"ఏండ్లకేండ్లు గేటు ఇంటికి పన్ను చీటీ పంపిన. ఆళ్లు ఏం పంపిండ్రు? రాజ్యాంగం నెంబరు పంపిండ్రు. మన వాడకు పైపు దూరనియ్యమంటే నా సంతకం సంతకమే కాదన్నరు. ఇప్పుడు నీళ్లు గావాల్నా ఢిల్లీకి? జర ఆగుమను."

"ఆళ్లు ఆగుతరు పటేలా. మా అమ్మ ఆగది. బండి కింద దూరుతది."

"నాకు తెల్వదా? నాకు మాత్రం నీ వాడ మీద పగనా? కానీ ఊరి ఇజ్జత్ ఒకటున్నది. రైల్వే అడిగితే ఇచ్చినమంటే రేపు నా మాట ఎవడు వింటడు?"

నాకు కోపమొచ్చింది గని ఆయన మాటల అబద్ధం దొరకలే. అందరికంటె చిన్న సర్కారు ఆయనది. ఏ పైస రావాలన్నా పైనుంచి రావాలె, కాదనే హక్కు ఒక్కటే ఆయన సొంతం. అది వాడుకోకుండ ఎట్ల ఉంటడు?

అక్కడ కూసునే ఆలోచన చేసిన. "పటేలా, రైల్వేకు ఇయ్యకు. రైల్వే కాగితం చింపి పారెయ్యి. జానీ మియా మన ఏడో వార్డు ఓటరు. మొన్న నాకే ఓటేసిండు, మహబూబ్‌బీ కూడా. మన ఓటరు మన పంచాయతీని నల్లా అడుగుతాండు. ఢిల్లీ మొహం చూసి కాదు, మన మనిషని ఇస్తున్నం" అన్న.

ఆయన చుట్ట ఆర్పిండు. "జానీ మియా రైల్వే నౌకరు గదరా?"

"పొద్దంత రైల్వే నౌకరు. ఓటేసేటప్పుడు మనోడు."

తీర్మానం మల్ల రాసినం. ఈసారి చదివి సంతకం పెట్టిన. దీనితోపాటు నకలు పంపుతాన. రైల్వేకు కనెక్షన్ ఇచ్చినట్టు ఇందుల ఎక్కడా లేదు, సర్పంచ్ ఇజ్జత్ ఆయన దగ్గరే ఉన్నది. నల్లా కూడా వస్తది. పైపు తొందరగ దూర్చండ్రి. ఆషాఢం దిగుతాంది. ఈ ఉత్తరం నువ్వు చదివినంక ఇంట్ల బల్ల మీద విడిచిపెట్టు.

బాలకిషన్

◆

నల్లగట్టుపల్లె,
16 జూలై 1982

మార్కండీ,

మీ మనుషులు వచ్చి కట్ట కింద పైపు దూర్చి పోయిండ్రు. ఇన్ని నెలలు ఢిల్లీ, హైదరాబాద్, హనుమకొండ కలిసి చేయలేని పని, పొద్దున మొదలుపెట్టి అన్నాలవేళకు ముగించిండ్రు. మధ్యల బీడీలు కూడా తాగిండ్రు.

జానీ మియా వాకిట్ల నల్లా తిరిగింది. మొదటి బిందె మహబూబ్‌బీది, రెండోది మా అమ్మది. తెల్లారేసరికి మగ్గాల వాడంతా అక్కడే. మూడోనాడు మీ లైను ఇన్‌స్పెక్టరు ట్రాలీ మీద వచ్చి బిందెల వరుస చూసి, "ఇది గేట్‌మన్ కుటుంబానికి ఇచ్చిన నల్లా. వీళ్లంత ఎవరు?" అని గద్దించిండు. జానీ మియా జెండా వెనుక దాసుకున్నడు. మహబూబ్‌బీ కొంగు సరిచేసుకొని ముందటికొచ్చింది.

"మా మెహమాన్లు సాబ్, చుట్టాలు."

"ఇంతమందా?"

"వాకిట్లకు వచ్చి నీళ్లడిగినోళ్లను పొమ్మనాల్నా? మీ రూల్ బుక్కుల రాసుంటే చూపెట్టుండ్రి, అట్లనే పొమ్మంట. మీరు కూడా దూరం నుంచి వచ్చిండ్రు. ఇగో, తాగుండ్రి."

ఎండల ట్రాలీ మీద వచ్చినోడు, ఏం చేస్తడు? తాగిండు. తాగినంక ఆయన కూడా మెహమానే. మూతి తుడుచుకొని, నల్లా చుట్టు బురద కానియ్యొద్దని హుకుం ఇచ్చి పోయిండు.

అసలు సంగతి ఇప్పుడు. నిన్న పొద్దుగాల మామ వచ్చిండు. మా ఇంటికి రాలే, సక్కగ గేటు కాడికి పోయిండు. నేను ఉరికి పోయి కాళ్లు మొక్కిన. "లే, పక్కకు జరుగు" అన్నడు. నల్లా మూడుసార్లు తిప్పిండు, మూడుసార్లు కట్టేసిండు. పైపు మీద కొట్టిన రైల్వే ముద్ర వేలితోని తడిమిండు. నీళ్లు పుక్కిలించి ఉమ్మి, మల్ల ఒక గుక్క మింగిండు. తర్వాత వాడల మా ఉత్త నల్లా దాకా నడిచి పోయి, పడుగు కట్టిన ముడి చూసిండు. ముడి జారుతాందని విప్పి తనే మల్ల కట్టిండు.

ముహూర్తం మాట ఎత్తకుండనే ప్యాసింజరుకు పోయిండు. శ్రావణానికి ఇంకా వారం కూడా లేదు. ఆయన ఏమన్నడో ఎవరన్న జర రాయుండ్రి. నాకు వెటకారం కూడా వస్తలేదు.

బాలకిషన్

◆

డోర్నకల్,
20 జూలై 1982

బావా,

చదివినవు గదా, మొదటి మాట నేనే రాసిన.

బాపు ఇంటికొచ్చి కాళ్లు కడుక్కొని చెప్పింది ఇది: "ఆ సర్కారోళ్లు పెట్టిన నల్లా మీద నాకు నమ్మకం లేకుండె. ఇది మన రైల్వే పైపు, ముద్ర చూసిన. నా బిడ్డ ఈడ తాగిన నీళ్లే ఆడ తాగుతది." ట్యాంకు పంచాయతీది, నీళ్లు ఊరి నీళ్లు, ట్యాంకు కట్టిన సొమ్ము ఢిల్లీదని నేను చెప్పబోయిన. అనసూర్య నా కాలు తొక్కింది. చెప్పలే. నువ్వు కూడా చెప్పకు.

ఖమ్మం కార్డు మీద బాపు మా మేనత్తకు పెండ్లి కబురు రాసిండు, కార్డు వృథా కావొద్దని. శ్రావణంల ముహూర్తం, తేదీ అయ్యగారు రేపు చెప్తడు. జానీ మియాను, మహబూబ్‌బీని మా తరఫు చుట్టాలుగ పిలుస్తున్నం, మీ తరఫున పిలవకు. ఇది రైల్వే పరిధి.

మార్కండేయులు

పోస్టుకు అన్న నాకే ఇచ్చిండు. ఈసారి సగం పేజీ విడిచిండు.

నేను వచ్చినంక ఆ ఇత్తడి నల్లా పీకేయనియ్యొద్దు. పడుగు కొసకు అంత గట్టి గుంజ మల్ల దొరకదు. కాకపోతే ఢిల్లీకి, హైదరాబాద్‌కు, మీ సర్పంచ్‌కు మీ భాషల ఒక అర్జీ రాసి పెట్టుండ్రి. ఎప్పుడన్న అందరు ఏకమై ఆ నల్లాల నీళ్లు విడవాలనుకుంటే, ఒకరోజు ముందుగాల మాకు కబురు చెప్పాలె. పడుగు విప్పుకుంటం.

అనసూర్య